పియానో ఆగితే నాన్నకెలా తెలిసింది?

మా బడిలో కొత్తగా చేరిన ఉపాధ్యాయిని ఒకామె ఈమధ్య మా ఇంటికి వచ్చింది. కాఫీ తాగుతూ, "ఈ ఉద్యోగంలో అన్నిటికంటే కష్టమేదండీ?" అని అడిగింది. ఓపిక అంటానని చూసింది. భుజాలు, అన్నాను. ఆమె నవ్వింది. నేను నవ్వించడానికి అనలేదు. గుంటూరులో వినపడని పిల్లల బడిలో ముప్పై ఏళ్లకు పైగా పనిచేశాను. సైగలు చేసి చేసి కుడిభుజం అరిగిపోయింది. జడ వేసుకోవాలన్నా చెయ్యి పైకి లేవడం లేదు.

ఆమె వెళ్లాక, ఈ పనిలోకి కొత్తగా వచ్చే మీ అందరికోసం కూర్చుని రాస్తున్న నాలుగు మాటలివి. సేవ, త్యాగం అన్న ముక్కలు ఇందులో ఉండవు. సన్మానసభల్లో అవి చాలాసార్లు విన్నాను. అప్పుడు కప్పిన శాలువాలు బీరువాలో అలాగే ఉన్నాయి. అసలు పని ఎలా ఉంటుందో చెబుతాను. ఒక సినిమా గురించి, దాన్ని చూసిన ఇద్దరు పిల్లల గురించి చెబితే చాలావరకు చెప్పినట్టే.

మాట నేర్పడం

నేను చేరినప్పుడు ప్రిన్సిపాల్ రామబ్రహ్మం గారు. తెల్ల పంచె, ఇస్త్రీ చొక్కా, దట్టమైన మీసం. పిల్లలు ఆయన్ని పిలవాలంటే గాల్లో మీసం దువ్వేవారు. నాకు వాళ్లు పెట్టిన పేరు ముక్కుపుడక. ముక్కు పక్కన వేలితో తాకితే నేనన్నమాట.

రామబ్రహ్మం గారికి ఒకటే సిద్ధాంతం. పిల్లలు నోటితో మాట్లాడాలి. "లోకం వీళ్లకోసం సైగలు నేర్చుకోదమ్మా, వీళ్లే లోకానికి మాట నేర్చుకోవాలి" అనేవారు. అందుకని క్లాసులో చేతులు కదపకూడదు. అద్దం ముందు కూర్చోబెట్టి, పెదాల ముందు సన్నటి కాగితం ముక్క పట్టుకుని, 'ప' అనిపించాలి. కాగితం కదిలితే 'ప' వచ్చినట్టు. కదలకపోతే మళ్లీ. కొందరికి ఆ ఒక్క అక్షరానికే వారాలు పట్టేది. మాకు గంట ఉండదు, లైటు వెలిగించి ఆర్పితే బడి వదిలినట్టు. లైటు ఆరగానే అన్ని చేతులూ ఒక్కసారి లేచేవి. పొద్దుటి నుంచీ దాచుకున్న కబుర్లన్నీ కుళాయి దగ్గర, అన్నాల దగ్గర చేతులతో గుమ్మరించేవాళ్లు. నేను సైగలు నేర్చుకున్నది ఏ శిక్షణలోనూ కాదు, హాస్టలు ఆడపిల్లల దగ్గరే.

మాట నేర్పడం తప్పని నేననను. నాలుగు మాటలు పలకగలిగిన పిల్లవాడికి బస్సులో, బజారులో కొంత తేలికవుతుంది. కానీ 'అమ్మ' అనిపించడానికి ఏడాది ఖర్చుపెట్టి, అమ్మతో ఏం చెప్పాలనుకుంటున్నావని ఒక్కసారి కూడా అడగకపోతే దాన్ని చదువు అనలేం. ఈ సంగతి మా స్టాఫ్‌రూములో చాలామందికి తెలుసు. పైకి అనేవాళ్లు తక్కువ.

డెన్మార్క్ సినిమా

ఊళ్లో ఒక రిటైరైన ఇంగ్లీషు లెక్చరర్ ఉండేవారు. పాత సినిమాలంటే ఆయనకు పిచ్చి. ఒకరోజు బడికి వచ్చి, "మీ పిల్లలకి సరిపోయే సినిమాలు ప్రపంచంలో చాలా ఉన్నాయమ్మా. మాటలు లేని రోజుల్లో తీసినవి" అంటూ ఒక డిస్కు చేతిలో పెట్టారు. డెన్మార్క్‌లో మూకీల కాలంలో తీసిన చిన్న ప్రేమకథట, హాస్యంట. పావుగంట కంటే ఉండదన్నారు. డెన్మార్క్ ఎక్కడుందో నేను అట్లాసులో వెతుక్కోవాల్సి వచ్చింది.

శనివారం మధ్యాహ్నం భోజనాల హాలులో కిటికీలకి దుప్పట్లు కట్టి, అడిగి తెచ్చిన ప్రొజెక్టరుతో గోడమీద వేశాం. కథ చిన్నది. పెద్ద ఇల్లు. ఓడలో కెప్టెన్‌గా చేసి దిగిపోయిన బుర్రమీసాల తండ్రి. ఆయనకో కూతురు. ఆ పిల్లకి ఒక కుర్రవాడంటే ఇష్టం, తండ్రికి అతని పొడ గిట్టదు. కుర్రవాడు దొంగగడ్డం పెట్టుకుని సంగీతం మాస్టారి వేషంలో ఇంటికి వస్తాడు. ఒక గదిలో పాఠం. పక్క గదిలో తండ్రి పైపు నోట్లో పెట్టుకుని పేపరు చదువుతుంటాడు. పియానో మోగినంతసేపూ ఆయన పాదం తాళం వేస్తుంటుంది. వీళ్లిద్దరూ చేతులు పట్టుకోగానే ఆ పాదం ఆగుతుంది. ఆయన లేచి వచ్చి తలుపు తీస్తాడు. ఈలోగా వీళ్లు పియానో మీద పడతారు. ఇలా మళ్లీ మళ్లీ.

మధ్యమధ్యలో తెరమీద మాటలు అక్షరాల్లో వచ్చేవి, డేనిష్‌లో. పిల్లలు అలవాటుగా నావైపు తిరిగారు. నాకూ తెలియదని చెప్పాను. వాళ్లకి అది భలే నచ్చింది. చదవలేకపోవడంలో టీచరూ వాళ్లూ సమానమైన రోజు అంతకుముందు రాలేదు.

భోజనాల బల్లదగ్గర దొంగగడ్డం ఊడి తండ్రి తాగుతున్న సూపు గిన్నెలో పడ్డప్పుడు హాలు దద్దరిల్లింది. వినపడని పిల్లల నవ్వు మీరు విని ఉండకపోతే చెబుతున్నాను, దానికి అదుపుండదు. కానీ తండ్రి తలుపు తీసిన ప్రతిసారీ, నవ్వాల్సిన చోట, ఒక్కరూ నవ్వలేదు.

అయిపోయాక తొమ్మిదో తరగతి శ్రీను లేచి నిలబడ్డాడు. సింగరాయకొండ దగ్గర పల్లెటూరి పిల్లవాడు, ఊరుకునే రకం కాదు.

"గోడకి ఇవతల వాళ్లేం చేస్తున్నారో ఆయనకి ఎలా కనిపించింది?" అని చేతులతో అడిగాడు.

"కనిపించలేదు. వినిపించింది. పియానో ఆగింది కదా" అన్నాను.

"ఆగితే శబ్దం లేనట్టే కదా. లేనిది ఎలా వినిపిస్తుంది?"

పిల్లలందరూ నావైపు చూస్తున్నారు. శబ్దం గురించి వాళ్లకి ఎన్నో పాఠాలు చెప్పాను. శబ్దం ఆగడం గురించి ఒక్కటీ చెప్పలేదు. మాటలు లేవు కాబట్టి మా పిల్లలకి సరిపోతుందనుకున్న సినిమాలో అసలు హాస్యమంతా చెవిమీదే నడిచింది. ఇది ఆ లెక్చరర్‌గారికీ తట్టలేదు, నాకూ తట్టలేదు.

మా బడి ప్రహరీకి ఆనుకుని కారం పట్టే మర ఉండేది. సోమవారం పిల్లల్ని తీసుకెళ్లి ఆ గోడకి అరచేతులు ఆనించమన్నాను. అవతల మర తిరుగుతోంది. గోడ సన్నగా వణుకుతోంది. ఘాటుకి అందరం తుమ్ముతున్నాం. మా ఊళ్లో కరెంటు పోవడానికి ఎక్కువసేపు ఎదురుచూడక్కర్లేదు. పోయింది. మర ఆగింది. పిల్లలు ఒక్కసారిగా గోడమీంచి చేతులు తీసి ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకున్నారు. వినుకొండ వైపు నుంచి వచ్చిన మాధవి అనే పిల్ల ముందుగా అందుకుంది. పైపు నోట్లో పెట్టుకున్నట్టు నటించి, పాదం ఆపి, కళ్లు పెద్దవి చేసి, లేని తలుపు తీసింది.

ఆ సాయంత్రం సినిమా మళ్లీ వేయమని పట్టుబట్టారు. ఈసారి పాదం ఆగీ ఆగకముందే నవ్వులు. చివర్లో పనిమనిషి పియానో వాయిస్తుంటే ప్రేమికులిద్దరూ తోటలోకి జారుకుంటారు. తండ్రి పాదం తాళం వేస్తూనే ఉంటుంది. కిటికీలోంచి చూస్తే వాళ్లు తోటలో నడుస్తుంటారు, పియానో మాత్రం మోగుతూనే ఉంది. ఆయన కిటికీ వైపు ఒకసారి, గోడ వైపు ఒకసారి చూస్తాడు. తర్వాత ఆయనే పగలబడి నవ్వుతాడు. గుమ్మంలో నిలబడ్డ రామబ్రహ్మం గారు కూడా నవ్వడం చూశాను. నేను చూస్తున్నానని గమనించి వెళ్లిపోయారు.

వీళ్లకి వయసు రాదా?

ఆ తర్వాత కొన్ని వారాలపాటు హాస్టల్లో అదే ఆట. బెంచీ పియానో. దాని మెట్లు నోట్లో పళ్లవరసలా ఉంటాయని 'పళ్లున్న పెట్టె' అని దానికో సైగ కూడా పుట్టించారు. శ్రీను సంగీతం మాస్టారు, మాధవి కూతురు, గుమ్మడికాయలాంటి ఇంకో పిల్లవాడు కెప్టెన్. నేను డేనిష్ అక్షరాల చోట తెలుగు మాటలు రాయమన్నాను. వ్యాసం రాయమంటే రెండు వాక్యాలకి పెన్ను మూసే పిల్లలు పేజీలు నింపారు. నా ఉద్యోగంలో అంత బాగా నడిచిన తెలుగు క్లాసులు మరి లేవు.

ఒకరోజు రామబ్రహ్మం గారు పిలిచి డిస్కు ఇమ్మన్నారు. తీసుకుని సొరుగులో వేసి తాళం పెట్టారు.

"ప్రేమకథలేమిటమ్మా? రేపు తల్లిదండ్రులు అడిగితే ఏం చెప్పను?"

"సినిమా చూసి నవ్వుకున్నారని చెప్పండి."

"వీళ్ల సంగతి వేరు" అన్నారు.

వీళ్ల సంగతి వేరు. ఈ మాట చాలా నోళ్లలో విన్నాను. వినపడని పిల్లలకి ఆకలేస్తుందని ఒప్పుకుంటారు, జ్వరం వస్తుందని ఒప్పుకుంటారు. వయసు వస్తుందని మాత్రం ఒప్పుకోరు. మీరు ఏ బడిలో చేరినా ఈ గోడ ఎదురవుతుంది. దాన్ని కూలగొట్టాలని చేరిన ఏడాదే రంకెలు వేసినవాళ్లు రెండో ఏడు కనబడలేదు. నెమ్మదిగా ఉండి, పక్కనుంచి దారి చూసుకోవడమే నాకు తెలిసిన పద్ధతి. అది గొప్ప పద్ధతని అనడం లేదు.

పెళ్లిచూపులు

పది పాసయ్యాక మాధవి ఇంటికెళ్లిపోయింది. శ్రీను ఏవో పనులు చేసి చివరికి గుంటూరు బయట పత్తి జిన్నింగు మిల్లులో కుదురుకున్నాడు. అక్కడ మిషన్ల హోరులో ఎవరి మాటా ఎవరికీ వినపడదు, అందరూ చేతులతోనే పని కానిస్తారు. "ఇక్కడ అందరూ మనవాళ్లే" అని నాకు చెప్పాడు.

కొన్నేళ్లు గడిచాయి. మాధవి తండ్రి వెంకటేశ్వర్లు గారు ఫోన్ చేశారు. మిరప, పత్తి వేసే రైతు. మాట పెద్దది, మనసు చెడ్డది కాదు.

"టీచరమ్మా, మా పిల్లకి సంబంధం వచ్చింది. దానికి అర్థమయ్యేట్టు చెప్పటం మా వల్ల కాటల్లేదు. మీరొకసారి రావాల."

బస్సులో వినుకొండ వెళ్లి అక్కడినుంచి ఆటోలో వెళ్లాను. ఇంటి ముందు కళ్లంలో మిరపకాయలు ఆరబోసి ఉన్నాయి. పెళ్లికొడుకు వయసు మళ్లుతున్నవాడు. మొదటి భార్య పోయింది. అతనితో అతని బాబాయి వచ్చాడు. నేను మాధవికి ఎదురుగా కూర్చున్నాను. గదిలో ఎవరేమన్నా ఆమెకి చేతులతో చెప్పడం, ఆమె చెప్పింది నోటితో చెప్పడం నా పని. ఆస్తి, వంట, ఆరోగ్యం అయ్యాయి. బాబాయి కాఫీ గ్లాసు కింద పెట్టి, నవ్వుతూ వెంకటేశ్వర్లు గారితో అన్నాడు:

"మావాడు అదృష్టవంతుడు బావగారూ. మాటరాని పెళ్లామైతే ఇంట్లో గోల ఉండదు."

మగవాళ్లందరూ నవ్వారు. మాధవి అందరి మొహాలూ చూసి, ఎందుకు నవ్వారని నన్నడిగింది.

ఇక్కడ ఆగి చెబుతాను, ఎందుకంటే ఈ ఘట్టం మీ అందరికీ వస్తుంది. 'ఏం లేదులే' అనడం చాలా తేలిక. వినపడనివాళ్లు జీవితంలో ఎక్కువసార్లు అందుకునే జవాబు అదే. ఇంట్లో అందరూ నవ్వుతారు, ఎందుకని అడిగితే ఏం లేదులే అంటారు. నేను ఆ గదిలో ఆమెకి చెవిగా కూర్చున్నాను. చెవి తనకి నచ్చినవే వింటానంటే కుదరదు. ఆయన అన్నది అన్నట్టుగా, నవ్వుతో సహా చెప్పాను.

మాధవి నిదానంగా చేతులెత్తింది. ఆమె చెప్పింది గదిలో అందరికీ వినపడేలా చెప్పాను:

"నాకు వినపడదు. గోల చెయ్యడం మాత్రం బాగా వచ్చు."

అని, ముందున్న స్టీలు ట్రే తీసుకుని నేలకేసి కొట్టింది. ఆ చప్పుడుకి కళ్లంలో కోళ్లు లేచిపోయాయి. పెళ్లివాళ్లు కూడా.

వెంకటేశ్వర్లు గారు నన్ను ఆటో దాకా తిట్టుకుంటూ వచ్చారు. "మిమ్మల్ని పిలిచింది సంబంధం కుదర్చటానికి టీచరమ్మా, చెడగొట్టటానికి కాదు."

"నేను రెండూ చెయ్యలేదండీ. అన్నమాట చెప్పాను."

"అన్నీ చెప్పాలా ఏంది!"

"అన్నీ చెప్పాలి" అన్నాను.

రామబ్రహ్మం గారి గది

మర్నాటికి వార్త బడికి చేరింది. పదవీ విరమణకు దగ్గరపడ్డ రామబ్రహ్మం గారు తలుపు వేసి కూర్చోమన్నారు.

"చెప్పడంలో కాస్త దయ ఉండాలి కదమ్మా" అన్నారు.

"దయ ఎవరిమీదండీ?"

ఆయన మీసం తెల్లబడిపోయింది. "మా చెల్లెలికీ వినపడేది కాదు" అన్నారు. అన్నేళ్లలో ఆయన నోట ఆ చెల్లెలి మాట ఎప్పుడూ వినలేదు. "పెళ్లిలో తాళి కట్టేదాకా దానికి ఎవరూ ఏమీ చెప్పలేదు. ఏదో పండగనుకుంది. అత్తారింటికి బండి ఎక్కించినప్పుడు నావైపు చూసింది. నేనూ ఏమీ చెప్పలేదు. దానికి మాట వచ్చి ఉంటే వద్దని అరిచి ఉండేదని ఇన్నేళ్లూ అనుకుంటున్నాను."

అప్పుడు ఆయన సిద్ధాంతం ఎక్కడినుంచి వచ్చిందో అర్థమైంది. ఆయన పద్ధతి తప్పన్న నా అభిప్రాయం మాత్రం మారలేదు. ఆ పిల్లకి మాట లేకపోవడం కాదు లోటు, ఆమె చేతుల్ని చూసేవాళ్లు లేకపోవడం. అది ఆయనతో అనలేదు. కొన్ని నిజాలు చెప్పినా ఎవరికీ ఉపయోగం ఉండదు. ఆయన సొరుగు తాళం తీసి డిస్కు నాకు ఇచ్చేశారు.

ఇద్దరికీ వినపడకపోతే

మిరపకోతలయ్యాక వెంకటేశ్వర్లు గారు మాధవిని వెంటబెట్టుకుని మా ఇంటికే వచ్చారు. కోపం పోయింది, నీరసం మిగిలింది.

"ఇది సింగరాయకొండ పిల్లోణ్ణి చేసుకుంటానంటంది. వాడికీ వినపడదంట. రోజూ కళ్లంలో కూచుని ఫోనుకి చేతులూపతా ఉంటే, వాళ్లమ్మా నేనూ ఏదో ఆట ఆడుకుంటందనుకున్నాం. ఏళ్ల తరబడి మా కళ్లముందే మాట్లాడుకున్నారు టీచరమ్మా."

పిల్లవాడు మా శ్రీనేనని అర్థమైంది. అమ్మాయి మాటలు గోడ చాటునుంచి వింటారని భయపడే ఇళ్లు చాలా చూశాను. పట్టపగలు, నడివాకిట్లో, తల్లిదండ్రులెదుటే సాగిన ప్రేమ ఇదొక్కటే చూశాను. కులం ఒకటే కావడం వాళ్ల అదృష్టం. కాకపోతే ఈ కథ ఇలా నడిచేది కాదు, ఆ విషయం దాచను.

"మీకున్న అభ్యంతరమేమిటి?" అన్నాను.

"ఇద్దరికీ వినపడకపోతే ఎట్టాగమ్మా? రేపు బిడ్డ పుట్టి ఏడిస్తే ఎవరు లేస్తారు?"

అది మొండితనం కాదు, భయం. మాధవికి చెప్పాను. ఆమె తడుముకోకుండా జవాబిచ్చింది. నేను ఆయనకి చెప్పాను: "బిడ్డ నా పక్కనే పడుకుంటుంది. నా చెయ్యి బిడ్డ పొట్టమీద ఉంటుంది. ఏడిస్తే పొట్ట కదులుతుంది. మా బడి అక్కలందరూ పిల్లల్ని అలాగే పెంచుతున్నారు."

"మీరేమంటారు?" అని ఆయన నన్నడిగారు.

"నన్నడిగి ఏం లాభమండీ? అమ్మాయిని అడిగారా, ఆమెకి ఇష్టమేనా అని?"

"అడగటం ఎట్టాగ? మాకు రాదుగా."

ఇరవై అయిదేళ్ల కూతురు. తిను, రా, పడుకో, నీళ్లు. ఆ ఇంట్లో ఉన్న సైగలు అంతే. జాలి కలిగినా, కోపం వచ్చినా నాకప్పటికి రెండూ అలసటలాగే ఉండేవి.

"గుండెమీద చెయ్యి పెట్టండి. అదే చెయ్యి ఆమెవైపు చూపించండి. కనుబొమ్మలు పైకెత్తండి. ప్రశ్నంతా కనుబొమ్మల్లోనే ఉంటుంది" అన్నాను.

ఆయన నావైపు తిరిగి చెయ్యబోయారు. "నాకు కాదండీ, ఆమెకి."

మాధవి వైపు తిరిగారు. పగుళ్లిచ్చిన అరచెయ్యి గుండెమీద పెట్టుకుని, ఆమెవైపు చాచి, కనుబొమ్మలు ఎత్తలేక మొహమంతా ఎత్తారు. మాధవికి ముందు నవ్వొచ్చింది. తర్వాత కళ్లనిండా నీళ్లు. జవాబు చెప్పడం మొదలుపెట్టి ఎంతకీ ఆపలేదు, అన్నేళ్లదీ ఒక్కసారే.

"ఏమంటంది?" అని ఆయన నన్నడిగారు.

"ఆమెనే మళ్లీ అడగండి. నెమ్మదిగా చెప్పమనండి" అని నేను వంటింట్లోకి వెళ్లి కాఫీకి నీళ్లు పెట్టాను. తిరిగి వచ్చేసరికి తండ్రీకూతుళ్లు ఒకళ్ల చేతులు ఒకళ్లు చూసుకుంటూ తంటాలు పడుతున్నారు. కాఫీ చల్లారేదాకా ఎవరూ ముట్టలేదు.

పెళ్లి సింగరాయకొండ గుడి దగ్గర సత్రంలో పొద్దుటిపూట జరిగింది. మా పాత విద్యార్థులు ఎన్ని ఊళ్లనుంచో వచ్చారు. సగం మండపం చేతులతో కబుర్లాడుతుంటే, మిగతా సగం వింతగా చూస్తోంది. మేళం వద్దన్నారు కొందరు, ఎవరు వింటారని. వెంకటేశ్వర్లు గారు ఒప్పుకోలేదు. అక్కడ ఒక చిక్కు వచ్చింది. గట్టిమేళం మోగినప్పుడు తాళి కట్టాలి. శ్రీనుకి అది వినపడదు. ఎదురుగా నిలబడి, మేళం అందుకోగానే చెయ్యెత్తమని ముందురోజే నన్ను అడిగాడు. ఇన్నేళ్లు చేసిన పనే కదా అనుకుని, పెళ్లికొడుక్కి కనబడేలా వెళ్లి నిలబడ్డాను.

పురోహితుడు మంగళసూత్రం అక్షింతల పళ్లెంలోంచి తీస్తున్నప్పుడు ఎవరో నా మోచేతిని పక్కకి జరిపారు. వెంకటేశ్వర్లు గారు.

"మీరు కూచోండి టీచరమ్మా. నాకు వినపడుద్దిగా" అన్నారు.

మేళం ఒక్కసారి పైకి లేచింది. ఆయన చెయ్యెత్తారు. శ్రీను ఆ చెయ్యి చూసి వంగాడు. నేను వెనక్కి వచ్చి, ఆడవాళ్ల మధ్య ఒక ఖాళీ కుర్చీ చూసుకుని కూర్చున్నాను.